నా ఒళ్లో గుర్రపు నాడా

మొన్న మా తమ్ముడి కొడుకు హైదరాబాదు నుంచి కారు వేసుకొని నల్లగొండ వచ్చాడు, నన్ను భువనగిరిలో కళ్ల డాక్టరుకు చూపించడానికి. రామన్నపేట దాటాక వాడి ఫోనుకు చార్జింగు ఎక్కడం ఆగిపోయింది. బండి పక్కకు తీసి, స్టీరింగు కింద ఒక మూత ఊడదీసి, రంగురంగుల ప్లాస్టిక్ బిళ్లల్లోంచి ఒకదాన్ని గోటితో పైకి లాగాడు. "ఫ్యూజ్ పోయింది అత్తా" అన్నాడు, చాయ్‌లో చక్కెర తక్కువైందన్నంత తేలిగ్గా. కొత్తది తీసి నొక్కాడు. రెండు నిమిషాలు కూడా పట్టలేదు. పాతదాన్ని బయటికి విసరబోతుంటే అడిగి తీసుకున్నాను. వేలిగోరంత ఉంది. "ఎందుకు పోయిందో చూడవారా?" అన్నాను. "మళ్ల పోతె చూద్దాం తీ" అని గేరు వేశాడు. వాడి తప్పేమీ లేదు. కానీ అదే రోడ్డు మీద, దాదాపు అదే చోట, మా బతుకు ఒకసారి ఆగిపోయిందని వాడికి నేనెప్పుడూ చెప్పలేదు. భువనగిరి దాకా ఆ బిళ్లను గుప్పిట్లోనే పట్టుకొని కూర్చున్నాను.

నాకు పదహారేళ్లప్పుడు మా బాపు నల్లగొండలో ఒక వకీలు సాబు దగ్గర కారు డ్రైవరు. కారు పాతది, నల్లది, బుర్ర మీసాల పెద్దమనిషిలా ముందు రెండు మడ్‌గార్డులు ఉబ్బి ఉండేవి. ఏ కంపెనీదో మాకు తెలియదు, ముక్కు మీది బిళ్ల మా చేతికి రాకముందే ఊడిపోయింది. వకీలు సాబు బంగళా వెనక కారు షెడ్డు, షెడ్డుకు ఆనుకొని రెండు గదులు మావి. కొలువుతో వచ్చిన ఇల్లు, కొలువు పోతే పోయే ఇల్లు. అమ్మ మా తమ్ముడి పురుట్లోనే పోయింది. మమ్మల్ని సాకింది బాపు తల్లి, మా అవ్వ. పొద్దున్నే అవ్వ చుట్ట వాసన, జొన్నరొట్టె మాడిన వాసన, షెడ్డులోంచి పెట్రోలు వాసన కలిసి వచ్చేవి. ఇప్పటికీ పెట్రోలు బంకు దగ్గర నాకు ఆకలవుతుంది, చెబితే నవ్వుతారు.

బాపుకు బండి అంటే చెవులతో పని. తాళం తిప్పగానే వెనక సీటు కింద నుంచి టకటకమని చప్పుడు వచ్చేది. అది పెట్రోలును ముందుకు తోసే కరెంటు పంపు. పెట్రోలు నిండగానే చప్పుడు ఆగేది. అప్పుడే బాపు సెల్ఫు కొట్టేవాడు. ఆ పంపుకు, హారనుకు, అద్దం తుడిచే కడ్డీకి కరెంటు ఒక ఫ్యూజు గుండా వెళ్లేది. స్టీరింగు కింద, డ్రైవరు మోకాళ్లకు పైన, మూత పోయిన నల్ల పెట్టెలో ఉండేదది. చిటికెన వేలులో సగం ఉండే గాజు గొట్టం, లోపల వెంట్రుకంత తీగ. కరెంటు హద్దు మీరితే ఆ తీగ వేడెక్కి కరిగి తెగిపోతుంది. తను పోయి మిగతా తీగలను బతికిస్తుంది. ఫ్యూజు పోతే పంపు ఆగుతుంది, పంపు ఆగితే ఫర్లాంగు దూరంలో బండి ఆగుతుంది. ఇంతే కథ. ఇంత చిన్న కథలో మేము మూడు నెలలు కొట్టుకున్నాం.

అవ్వ గురించి చెప్పకుండా ముందుకు పోలేను. ఆమె పెద్దకొడుకు, అంటే మా పెదనాయిన, కొల్లాపూర్ దిక్కు తిరిగే బస్సు మీద పనిచేసేవాడు. ఆ బస్సు ఒక మలుపులో పడిపోయింది, ఆయన దాని కింద పోయాడు. అవ్వ ఏడుపులో దేవుడి ఊసు లేదు, డ్రైవరు ఊసు లేదు. "ఆ బస్సుకు నేనేం కట్టకపోతి. ఒక్క జీడిగింజన్న కట్టకపోతి" అనే ఏడ్చింది, ఏళ్ల తరబడి. అందుకే బాపు స్టీరింగు పట్టిన రోజే ఆమె ఒక మూట తయారుచేసింది. నల్లగుడ్డలో ఏడు జీడిగింజలు, గల్లుప్పు, చిటికెడు పసుపు. మూట కింద వేలాడుతూ ఒక గుర్రపు నాడా. కొన్న నాడాకు బలం ఉండదట, దారిలో దొరికిందే కావాలట. జట్కాలు ఆగే చోట మూడు వారాలు తల వంచుకొని తిరిగి ఒకటి ఏరుకొచ్చింది. నల్ల ఉన్నిదారంతో ఆ మూటను స్టీరింగు పక్కన డ్యాష్‌బోర్డు కింద కట్టించింది. ప్రతి అమాసకు దానికి ఊదు పొగ. వకీలు సాబు చూసి నవ్వేవాడు గానీ తీయమనలేదు.

ఆ ఏడు వానలకు రోడ్లు గుంతలు పడి, కుదుపులకు దారం తెగింది. మూట వకీలు సాబు బూట్ల దగ్గర పడింది. అవ్వ రెండు పూటలు అన్నం ముట్టలేదు. ఉప్పు మార్చి, గింజలు మార్చి, కొత్తగుడ్డ కట్టి, "ఇగ దారం వద్దు బిడ్డా. ఇనుముకు ఇనుమే తోడు" అంది. పందిరికి కట్టే సన్నటి ఇనుప తీగ మూరెడు తెచ్చి ఇచ్చింది. బాపు ఒక కొస నాడాకు చుట్టి, రెండో కొస బండి ఇనుప పట్టీకి మెలేసి గట్టిగా కట్టాడు. అవ్వ లాగి చూసి తృప్తిపడింది.

వారం తిరగకుండా మొదటి ఫ్యూజు పోయింది. కొత్తది వేశాడు, నాలుగు రోజులకు అదీ పోయింది. ఒక్కోసారి పది రోజులు ఏమీ ఉండేది కాదు, ఒక్కోసారి బంగళా గేటు దాటకముందే పోయేది. ఫ్యూజులు నల్లగొండలో దొరికేవి కావు. హైదరాబాదు బస్సు డ్రైవరుతో చెప్పి తెప్పించాలి. బాపు వాటిని జర్దా డబ్బాలో దూదిలో పెట్టి, మందుగోళీల్లాగా లెక్కచూసుకునేవాడు. ఎందుకు పోతున్నాయో మాత్రం అంతు చిక్కలేదు. కోర్టుకు సెలవు రోజున షెడ్డు తలుపులు బార్లా తీసి, బాపు బండి కిందికి, మీదికి, లోపలికి దూరేవాడు. ఒక బల్బుకు రెండు తీగలు కట్టి పరీక్ష పెట్టేవాడు. ఒక కొస బ్యాటరీకి, రెండో కొస ఫ్యూజు అవతలి తీగకు. తీగ ఎక్కడైనా బండి ఇనుముకు తాకుతుంటే ఆ బల్బు వెలగాలి. హారను తీగ ఊడదీసి చూశాడు, పంపు తీగ, అద్దం కడ్డీ తీగ, ఒక్కొక్కటీ విప్పి చూశాడు. బల్బు వెలగలేదు. వెలగని బల్బు ముందు మా బాపు గొంతుక్కూర్చున్న తీరు నాకు ఇప్పటికీ కళ్ల ముందుంది. దొంగ దొరకని బాధ వేరు, దొంగతనమే జరగలేదని బల్బు చెబుతుంటే కలిగే బాధ వేరు.

ఇక్కడ నా పని చెప్పాలి. ఆ మూటకు అవ్వ పెట్టిన కట్టుబాట్లు చాలా ఉండేవి. నూనె చేతులు తగలరాదు, కింద పెట్టరాదు, మనుషులు నడిచే చోట గోడకు తగిలించరాదు. కాబట్టి బాపు పనికి దిగే ముందే చేతులు కడుక్కొని, తీగ మెలి విప్పి, మూటను కళ్లకద్దుకొని, తానం చేసి కూర్చున్న నాకు అందించేవాడు. "పట్టుకో బిడ్డా. కింద వెట్టకు." నేను షెడ్డు గడప మీద కూర్చొని ఒళ్లో పెట్టుకునేదాన్ని. నెలకోసారి నేను దూరంగా కూర్చునే రోజుల్లో అవ్వే పట్టుకునేది. పని అయ్యాక బాపు మళ్లీ చేతులు కడుక్కొని, తీసుకెళ్లి యథాస్థానంలో కట్టేవాడు.

మీకు ఈపాటికి అర్థమై ఉంటుంది. మాకు కాలేదు. నవ్వుకుంటే నవ్వుకోండి, ముగ్గురం ఉన్నాం ఆ షెడ్డులో, ముగ్గురిలో ఒక్కరికీ కాలేదు.

చివరికి బస్టాండు దగ్గర ఖాదర్ మిస్త్రీ అనే ఆయన దగ్గరికి బండి తీసుకెళ్లారు. గడ్డానికి గోరింటాకు పెట్టుకునే ముసలాయన, జిల్లాలో సగం బండ్లు ఆయన చెయ్యి దాటినవే. పరాయి చెయ్యి తగిలితే మూటకు పట్టు పోతుందని అవ్వ దాన్ని ఇంట్లోనే ఉంచుకుంది. మిస్త్రీ ముందు పోయిన ఫ్యూజులు అడిగాడట. బాపు డబ్బాలో దాచినవి పోస్తే ఒక్కొక్కటి ఎండకు పెట్టి చూశాడట. ఇంటికొచ్చి బాపు ఆ మాటలే మాకు చెప్పాడు. "జూడు భయ్యా, బరువెక్కువై పోతె తీగ మెల్లగ కరిగి వంగుతది, గాజు తెల్లగనె ఉంటది. గివన్ని లోపల నల్లగ మాడినయ్. అంటె ఏడనో కరెంటు ఒక్కసారె బాడీకి తాకుతాంది. ఫ్యూజ్ ఝూట్ చెప్పది." అంత తెలిసిన మనిషి రెండు రోజులు బండిని అణువణువూ వెతికాడు. ఆయనకూ ఏమీ దొరకలేదు. రెండు రోజులూ బండి బ్రహ్మాండంగా తిరిగింది కూడా. ఇంటికి తెచ్చాక శుక్రవారం చూసి అవ్వ మూట కట్టించింది. ఆదివారానికి ఫ్యూజు మాడింది.

అవ్వ దగ్గర దీనికి జవాబు సిద్ధంగానే ఉంది. "దిష్టి బలంగున్నది బిడ్డా. ఒక్క నాడా ఆగుతలేదు" అని, గుర్రపు నాడాకు ఇంకో నాలుగు ఇనుప మేకులు కట్టింది. దిష్టి పెరిగిందనుకున్న కొద్దీ ఇనుము పెరిగింది, ఇనుము పెరిగిన కొద్దీ ఫ్యూజులు మాడాయి. రాత్రి బాపు అన్నం ముందు కూర్చొని కలిపిన ముద్ద కలిపినట్టే పెట్టి లేచిపోయేవాడు. వకీలు సాబు అప్పటికే చెప్పేశాడు. రెండుసార్లు ఆయన నల్లకోటు వేసుకొని దుమ్ములో నిలబడి ఎడ్లబండి ఎక్కి కోర్టుకు పోయాడు. "ఇంకొక్కసారి ఆగిందంటె తాళంచేతులు నా బల్ల మీద వెట్టి పో" అన్నాడు. చెడ్డవాడు కాదు. కోర్టు ఆయన కోసం ఆగదు కదా.

ఆ ఒక్కసారి భువనగిరి కోర్టు వాయిదా రోజు వచ్చింది. డబ్బాలో మంచి ఫ్యూజు ఒక్కటే మిగిలింది, హైదరాబాదు నుంచి రావలసినవి రాలేదు. అది రామన్నపేట ఇవతలే పోయింది. బాపు ఎన్నడూ చేయని పని ఆ రోజు చేశాడు. వకీలు సాబు పారేసిన సిగరెట్టు పెట్టెలోని వెండి కాగితం చింపి, మాడిన ఫ్యూజుకు చుట్టి పెట్టాడు. చేయొద్దని మిస్త్రీ మరీ మరీ చెప్పిన పని అది. ఫ్యూజు కావలివాడు, వెండి కాగితం ఎంత కరెంటు వచ్చినా పొమ్మనే మనిషి. బండి కదిలింది. భువనగిరి గుట్ట దూరాన కనబడేదాకా పోయింది కూడా. అక్కడ ఒక గుంతలో దిగి లేచేసరికి స్టీరింగు కింద నుంచి పొగ లేచింది. ఈసారి మాడింది ఫ్యూజు కాదు, బండి తీగలు.

వకీలు సాబు మర్నాడు మా వాకిట్లో నిలబడి ఈ సంగతి చెప్పాడు. మా బాపు ఒక పక్కన, కుడిచేతి వేళ్లకు గుడ్డ కట్టుకొని తల వంచుకొని ఉన్నాడు. వెనక లారీకి మోకుతో కట్టి లాక్కొచ్చిన కారు ఉంది. అవ్వ గడపలో, నేను అవ్వ పక్కన. "నా పాణం పోతుంటె ఈయన ఏం జేసిండో ఎరికేనా? పొగ లేసినంక బ్యాటరీ దిక్కు ఉరకలె, నా దిక్కు సూడలె. మొదలు గా మూట మీద వడి గుంజిండు! బండి కాలినా మంచిదె, మూట ఉండాలె ఈయనకు!" అవ్వ చేతులెత్తి మొక్కింది. "గా మూటనె మీ పాణం కాపాడింది సారూ. అది లేకపోతె ఏమయ్యేదో" అంది. ఆమె కళ్లల్లో నీళ్లు. వకీలు సాబు ఆమెను చూసి, బాపును చూసి, మెల్లగా అడిగాడు: "ఒక్క మాట చెప్పు. గింతకు ఖరాబు ఏడున్నదో దొరికిందా లేదా? దొరికిందంటె తీగలు మార్పిచ్చుకుందాం. లేదంటె నాకీ బండితోని, నీతోని గాదు."

బాపు చేతికి కట్టిన గుడ్డ కొస లోపలికి దోపుకున్నాడు. "దొరకలె సార్" అన్నాడు.

తాళంచేతులు అక్కడే ఇచ్చేశాడు. వకీలు సాబు లోపలికి పోయాక నేను నోరు జారాను. ఇల్లు పోతుంది, నా చదువు అప్పటికే పోయింది, తమ్ముడు బడి మానాలి. "సన్న తీగ ఏడ తాకుతదో తెల్వకపాయె. నువ్వేం డ్రైవర్‌వి బాపూ!" అన్నాను. అవ్వ నా నెత్తి మీద మొట్టింది. బాపు నావైపు చూశాడు, అవ్వవైపు చూశాడు. తర్వాత లోపలికి పోయి సామాను సర్దడం మొదలుపెట్టాడు.

మేము మహబూబ్‌నగర్ పోయాం. అక్కడ పల్లీ నూనె మిల్లు లారీ దొరికింది బాపుకు. మొదటి రోజు అవ్వ మూట తీసుకొని లారీ దగ్గరికి బయలుదేరితే బాపు చేయి అడ్డం పెట్టాడు. "ఆగమ్మా. ఇనుము తుప్పు వడుతాంది. బట్ట కుట్టి ఇస్త." పక్కింట్లో పాత సైకిలు ట్యూబు ముక్క అడిగి తెచ్చుకోవడం చూశాను, చెప్పు అతుకు వేసుకోవడానికి అనుకున్నాను. కట్టు విప్పని చేత్తో, గోనె సూదితో, గుమ్మం దగ్గర వీపు మావైపు పెట్టి కూర్చొని మేకులతో సహా ఆ నాడాను నల్లగుడ్డలో కుట్టేశాడు. కొడుకుకు ఇన్నాళ్లకు భక్తి కుదిరిందని అవ్వ కొంగుతో కళ్లొత్తుకుంది. నేను మొహం తిప్పుకున్నాను. పని పోగొట్టుకున్న మగవాడు సూది పట్టాడని సిగ్గుపడ్డాను, అదీ నా తెలివి.

లారీ ఏళ్ల తరబడి ఒక్కనాడూ దారిలో ఆగలేదు. వచ్చినవాళ్లందరికీ అవ్వ చెప్పేది: "అంత నా మూట మహిమనె. గా కారుకు పాపం అప్పటికె దిష్టి ముదిరిపోయె." నేను వెక్కిరింతగా బాపు మొహం చూసేదాన్ని. బాపు ప్రతిసారీ ఒకే మాట, "అవునమ్మా." పోయేముందు అవ్వ ఆయన చెయ్యి పట్టుకొని, "నా తర్వాత గూడ గిది విప్పకు కొడుకా" అంది. "విప్పనమ్మా" అన్నాడు. విప్పలేదు. ఆయన పోయాక సామానుతో పాటు రేకు సందుగలో నా దగ్గరికి వచ్చింది.

భువనగిరి నుంచి తిరిగి వచ్చాక, గుప్పిట్లో ఆ ప్లాస్టిక్ బిళ్లతోనే, సందుగ తెరిచాను. నల్లగుడ్డను పురుగు తినేసింది, చెయ్యి తగలగానే ఒక పక్క కుట్టు విడిపోయింది. లోపల నాడా కనిపించలేదు. సైకిలు ట్యూబు కనిపించింది. నాడాకు రెండు చుట్లు, ఒక్కో మేకుకు ఒక్కో చుట్టు, ఎక్కడా ఇనుము బయటికి కనబడకుండా సొల్యూషను పూసి అతికించాడు. రబ్బరు పెళుసెక్కి రాలింది. కింద నాడా అంచు మీద చిన్న చిన్న గుంటలు, ఇనుము కరిగి పూసలు కట్టిన మచ్చలు. వేలు పెట్టి లెక్కపెట్టబోయి మానేశాను. ఒక్కో మచ్చ ఒక్కో ఫ్యూజు. కుదుపులో ఊగి మూత లేని ఆ పెట్టెకు తగిలినప్పుడల్లా ఒకటి. మా బాపు మూడు నెలలు బండంతా గాలించిన దొంగ నా ఒళ్లో కూర్చొని ఉంది. నేను కింద పెట్టకుండా భద్రంగా పట్టుకున్నాను.

బాపు కుడిచేతి రెండు వేళ్లకు లోపలివైపు అడ్డంగా ఒక కాలిన గీత ఉండేది. రేడియేటరు కాలిందనేవాడు. రేడియేటరు అంత సన్నగా కాల్చదు. ఎర్రగా కాగిన ఇనుప తీగ కాలుస్తుంది. పొగలో ఆ తీగను లాగినప్పుడే, లాగగానే పొగ తగ్గినప్పుడే ఆయనకు అంతా తెలిసిపోయింది. వకీలు సాబు వాకిట్లో అడిగినప్పుడు తెలుసు. నేను నువ్వేం డ్రైవర్‌వి అన్నప్పుడు తెలుసు. ఒక్క మాట చెబితే కొలువు నిలిచేది, ఇల్లు నిలిచేది, కూతురి ముందు పరువు నిలిచేది. మర్నాడు ఒంటరిగా పోయి చెప్పుకోవచ్చు కదా అని నాలో నేనే వాదించుకున్నాను. వకీలు సాబు మాట నాలుగు గోడల మధ్య ఆగేది కాదు, నవ్వి నలుగురికీ చెప్పేవాడు, ఆ నవ్వు అవ్వ చెవిన పడేది. ఒక కొడుక్కు ఏమీ కట్టలేదని ఏడ్చిన తల్లి, ఇంకో కొడుక్కు కట్టిందే కొంప ముంచిందని వినాలి. గడపలో ఆమె నిలబడి ఉండగా ఆయన "దొరకలె సార్" అన్నాడు.

ఇప్పటి బండ్లలో పెద్దది ఏదైనా పాడైతే స్టీరింగు వెనక అద్దం మీద అక్షరాలు వస్తాయి, కారణం దాగదు. మంచిదే. అప్పుడు ఆ అద్దం మా కారుకు ఉండి ఉంటే ఏమయ్యేదో అని మాత్రం ఆలోచిస్తున్నాను. ఆయన కొలువు మిగలాలని కోరుకోవాలో, అవ్వ నిద్ర మిగలాలని కోరుకోవాలో తెలియదు. నా మాట వెనక్కి తీసుకోవాలనుంది. తీసుకునేందుకు ఎదుట ఎవరూ లేరు.

మా తమ్ముడి కొడుకు వెళ్లబోతూ నా గదిలోకి తొంగిచూశాడు. నా ముందు కొత్త నల్లగుడ్డ ముక్క, సూది, వాడి బండిలోని నల్లటి అతుకు టేపు. రబ్బరు రాలిన చోటల్లా ఆ టేపు చుట్టేశాను గానీ సూదిలోకి దారం ఎక్కడం లేదు. వాడే ఎక్కించి ఇచ్చాడు. "తుప్పు వట్టిన ఇనుముకు గిప్పుడు బట్టెందుకత్తా? గిది ఏ బండికి కట్టేది లేదు గద" అన్నాడు.

"రబ్బరు కనవడుతాంది రా. అవ్వ చూస్తది" అన్నాను.